మాష్టారి గదిలో తువ్వాలు

మా మాష్టారు పోయారన్న ఫోను వచ్చేసరికి నేను భీమడోలు అవతల ఒక చేపల చెరువు గట్టు మీద, మోటారు స్టార్టర్ డబ్బా విప్పుకుని కూర్చుని ఉన్నాను. ఫోను చేసింది వాళ్ళమ్మాయి. "అన్నయ్యా, నాన్నగారు ఇక లేరండీ. మధ్యాహ్నం నమాజుకి లేపుదామని వెళ్ళాను. కుర్చీలో అలాగే ఉన్నారు," అంది. ఆ తర్వాత ఇంకా ఏదో చెబుతూనే ఉంది గాని నా చెవికి ఒక్క మాటే ఎక్కింది. "ఆ గదిలో ఉక్క సంగతి మీకు తెలుసు కదండీ."

తెలియకేం. ఆ ఉక్కకి కారణం నేనే. ఆయన ఎంత మంచివారో, ఎంత చదువుకున్నవారో చెప్పడానికి ఏలూరు నిండా మనుషులున్నారు. నేను మోటారు మెకానిక్‌ని, గుండుగొలను మనిషిని, రాతగాణ్ణి కాను. అయినా ఈ నాలుగు ముక్కలు రాయక తప్పదు. ఎందుకంటే ఆయన రెండు వేసవులు ఫ్యాను లేకుండా ఎందుకు కూర్చున్నారో ఆయన పోయేదాకా నాకు తప్ప ఎవరికీ తెలియదు.

ఉంగుటూరు హైస్కూల్లో ఆయన మాకు తెలుగు చెప్పారు. సాయిబుగారు తెలుగు చెప్పడమేంటని మొదట్లో కొందరు మూతులు విరిచారట. ఆయన పద్యం ఎత్తుకున్నాక ఆ మూతులే తెరుచుకుని ఉండిపోయాయని మా పైక్లాసు వాళ్ళు చెప్పేవారు. రిటైరయ్యాక ఏలూరులో చిన్న ఇల్లు కట్టుకున్నారు. దానికి వైరింగు చేసింది నేనే. బడి మానేసినా జేబులో సుద్దముక్క మానలేదు. టీ సాసర్లో పోసుకుని ఊదుకుంటూ మాట్లాడేవారు, మాట ముదిరితే సాసరు పక్కన పెట్టి నేల మీద గీత గీసేవారు.

ఆ గీత దేని గురించంటే, ఆయన చివరి పదేళ్ళూ పట్టుకున్న ఒక్క ప్రశ్న గురించి. మనిషి చేసే పని దేవుడు ముందే రాసిపెట్టినదా, మనిషి తనంతట తాను చేసినదా? ఇస్లాం పుట్టిన తొలి రెండు మూడు వందల ఏళ్ళలో దీని మీద పండితులు ఎలా కొట్టుకు చచ్చారో అరబ్బీ పుస్తకాలు ముందేసుకుని చదివి, తెలుగులో రూళ్ళ నోటుబుక్కుల్లో రాసుకునేవారు. నేను ఆదివారం చర్చి అయ్యాక, చేపలు దొరికితే చేపలతో, లేకపోతే ఉత్త చేతులతో వెళ్ళి వినేవాణ్ణి. "చర్చిలోంచి సరాసరి సాయిబుగారింటికేంట్రా నువ్వు?" అని మా అమ్మ దెప్పేది. పాస్టరుగారు చెప్పేదీ మాష్టారు చెప్పేదీ నాకు ఒకే తగువులా వినిపించేది. మా అమ్మ కూడా పాలు విరిగినా దేవుని చిత్తమే అంటుంది మరి.

"ఇటు పక్క వాళ్ళు," అని గీతకి ఎడమవైపు సుద్దతో చుక్క పెట్టేవారు. "మనిషి చేసేదేమీ లేదు, గాలికి ఎగిరే ఈకలాంటివాడు, అంతా ఆయన రాసిందే అన్నారు. అటు పక్క వాళ్ళు, మనిషి పని మనిషిదే, లేకపోతే దేవుడు శిక్షించడంలో న్యాయమేముందన్నారు. అప్పటి రాజులకి ఎవరి మాట నచ్చుంటుందంటావు?"

"ఎడమవైపు వాళ్ళదేనండి."

"ఎందుకు?"

"ఎవణ్ణయినా చంపించేసి, రాసుంది జరిగింది అనేయొచ్చు కదండీ."

అలాంటి జవాబు చెబితే ఆయనకి ఎంత సంబరమో! సాసర్లో టీ ఒలికిపోయేది. ఇరాక్ దేశంలో బస్రా ఊళ్ళో ఒక పెద్దాయన రాజుల ఆ మాటని పట్టుకుని, దేవుడి మీద అబద్ధమాడుతున్నారని నిర్భయంగా అన్నాడని చెప్పి, ఆ పెద్దాయన మన భీమడోలు స్టేషన్లో రైలు దిగినంత దగ్గరగా వర్ణించేవారు.

తర్వాత మూడో జట్టు వచ్చిందట. పనిని పుట్టించేది దేవుడే, కాని దాన్ని సంపాదించుకునేది మనిషి అన్నారట వాళ్ళు. నాకు మింగుడు పడలేదు. "రెండు పక్కలా కాలేస్తే ఎలాగండీ?" అన్నాను.

"చెరువు మీద మోటారు తిరుగుతుంది. కరెంటు నువ్వు పుట్టించావా?"

"లేదండి."

"బటన్ నొక్కిందెవరు?"

"నేనేనండి."

"మరి!" అన్నారు. ఇద్దరం నవ్వుకున్నాం. ఆ నవ్వు గుర్తొస్తే ఇప్పటికీ నాకు ఒళ్ళు జలదరిస్తుంది.

ఎందుకో చెప్పాలంటే మా చెరువుల మీద ఉన్న కట్టుబాటు ఒకటి చెప్పాలి. నీళ్ళలోకి దిగేవాడు తన తువ్వాలు స్టార్టర్ డబ్బా పిడికి కట్టి దిగుతాడు. తువ్వాలు ఉన్నంతసేపూ ఎవరూ బటన్ జోలికి పోరు. కట్టినవాడే విప్పాలి, ఓనరు వచ్చినా ముట్టుకోకూడదు. తువ్వాలు కనబడకపోయినా సరే, బటన్ నొక్కేముందు మూడుసార్లు "నీళ్ళలో ఎవరండోయ్?" అని కేకెయ్యాలి. చెరువు మనిషి "గట్టు మీదున్నా" అని పలికాకే నొక్కాలి. ఇది ఎవరూ కాగితం మీద రాసింది కాదు, కొల్లేటి చుట్టూ అందరికీ తెలుసు.

రెండేళ్ళ కిందట, మబ్బు పట్టిన ఒక పొద్దున్న ఏడింటికి చెరువు ఓనరు నుంచి ఫోను. చేపలు పైకి తేలి నోళ్ళు తెరుస్తున్నాయి, నీళ్ళలో గాలి చాలడం లేదు, నీళ్ళు చిలికే ఏరేటర్లు ఎందుకు తిరగడం లేదని కేకలు. బండి మీద ఉరికాను. గట్టు మీద ఈదురుగాలి తోసేస్తోంది. స్టార్టర్ దగ్గర ఎవరూ లేరు. డబ్బా కింద బురదలో గళ్ళ తువ్వాలు పడి ఉంది. అది ఆ చెరువు కాపలా చూసే ఆయనదని చూడగానే తెలిసింది. పని అయిపోయి విప్పి పడేసి టీకి వెళ్ళుంటాడనుకున్నాను. అనుకున్నానా, అనుకోవాలనుకున్నానా? ఫోన్లో ఓనరు "వేశావా, వేశావా?" అంటున్నాడు. తువ్వాలు తీసి నా పనిముట్ల సంచీ మీద పెట్టాను. కేకెయ్యలేదు. పచ్చ బటన్ నొక్కాను.

ఆయన ఆ చివర ఏరేటర్ వెనకాల, రెక్కలకి చుట్టుకున్న గుర్రపుడెక్క లాగుతూ నడుంలోతు నీళ్ళలో ఉన్నాడు. కేబుల్ ఎక్కడో తెగి ఉంది, నీళ్ళలోకి కరెంటు పాకింది. నేను పరిగెత్తేలోపే అయిపోయింది.

జనం పోగయ్యారు. పోలీసులు వచ్చారు. ఓనరు స్టార్టర్ డబ్బా వంక చూసి, "తువ్వాలు కట్టకుండా దిగాడండీ, ఎన్నిసార్లు చెప్పినా వినడు," అన్నాడు. అందరూ డబ్బా వంక చూశారు. తువ్వాలు లేదు. అప్పటికే అది నా సంచీలోపల ఉంది. ఎప్పుడు లోపలికి తోశానో నాకే తెలియదు. లేదు, తెలుసు. పోలీసులు ప్రమాదమని రాసుకుని వెళ్ళిపోయారు. ఆయన భార్య గట్టు మీద కూలబడి ఒకటే మాట అంటోంది. "ఆయన కట్టే దిగుతారండీ, కట్టకుండా ఎప్పుడూ దిగరండీ." ఎవరూ వినిపించుకోలేదు. నేను విన్నాను, నోరు మెదపలేదు.

నాలుగు రోజులయ్యాక తువ్వాలు పట్టుకుని మాష్టారి దగ్గరికి వెళ్ళాను. ఆదివారం కూడా కాదు. జరిగిందంతా చెప్పాను. చెప్పి, "ముడి వదులై గాలికి జారిపోయిందండి. గాలిని నేను తేలేదు కదండీ. రాసుంది కాబట్టే అలా జరిగిందండి," అన్నాను. ఆయన చెప్పిన పాఠమే ఆయనకి అప్పజెప్పాను, నా సిగ్గు చిమడ.

సాసర్లో టీ చల్లారిపోయింది. చివరికి, "గాలి సంగతి దేవుడు చూసుకుంటాడు. చెయ్యి సంగతి చెప్పు," అన్నారు.

నేను ఏడ్చాను.

"ఆవిడకి చెప్పావా?"

"లేదండి. పోలీసులు పట్టుకుపోతారండి. పిల్లలున్నారండి నాకు."

ఆయన లేచి, తువ్వాలు నా చేతిలోంచి తీసుకుని దులిపారు. గోడకున్న స్విచ్ బోర్డు మీద మేకు ఉంది, క్యాలెండర్ తగిలించేది. క్యాలెండర్ తీసేసి దాని మీద తువ్వాలు వేశారు. తిరుగుతున్న ఫ్యాను ఆపేశారు. వేసవి అప్పుడే వెళ్ళినా ఉక్క తగ్గలేదు.

"అదేంటండీ?"

"మీ కట్టుబాటేగా. నీళ్ళలో మనిషి ఉన్నాడు. ఎలా వేస్తాను?"

"ఆయన పోయాడు కదండీ!"

"ఆయన గురించి కాదురా నేను చెప్పేది," అన్నారు.

అప్పటినుంచీ ఆ గదిలో ఫ్యాను తిరగలేదు. మొదట్లో బెదిరింపు అనుకున్నాను, వారం ఆగితే ఆయనే వేసుకుంటారనుకున్నాను. ఏలూరు ఎండ ఎలాంటిదో ఇక్కడివాళ్ళకి చెప్పక్కర్లేదు. ఆయన బనీను తడిసిపోయేది, రాసే కాగితం మీద చెమట చుక్కలు పడి అక్షరాలు అలుక్కుపోయేవి. చేత్తో విసనకర్ర ఊపుకుంటూ కూర్చునేవారు. కూతురికి ఏమీ చెప్పలేదు, ఫ్యాను పాడయిందనుకోమన్నారు. ఆవిడ నాకే ఫోను చేసేది. "అన్నయ్యా, మీరింత మెకానిక్ అయ్యుండి ఆ ఫ్యాను బాగుచెయ్యలేరాండీ?" వెళ్ళి స్టూలెక్కి, ఫ్యాను రెక్క చేత్తో తిప్పి, ఆవిడ వింటుండగా "కెపాసిటర్ దొరకట్లేదండి" అని అబద్ధం చెప్పి దిగేవాణ్ణి. మాష్టారు నోటుబుక్కులోంచి తల ఎత్తేవారు కాదు.

కోపం వచ్చేది నాకు. మహా కోపం వచ్చేది. ఒకసారి తలుపు దగ్గర నిలబడి, "మీరే వెళ్ళి చెప్పేయండి పోనీ!" అని అరిచాను.

"నేను చెబితే అది నా పని అవుతుంది. నీది కాకుండా పోతుంది," అన్నారు. అని, "చేపలేమన్నా తెచ్చావా?" అని అడిగారు. ఆయనతో తగువు పెట్టుకోవడం అంత తేలిక కాదు.

ఇంత జరిగినా ఆదివారాలు మానలేకపోయాను. అక్కడికి వెళితే తువ్వాలు కనిపిస్తుంది, వెళ్ళకపోతే ఇంకా ఎక్కువ కనిపిస్తుంది. ఆ రోజుల్లో ఆయన గ్రంథం గురించిన తగువు రాస్తున్నారు. దేవుడి మాట అయిన గ్రంథం ఆయనతోపాటే అనాదిగా ఉందా, ఆయన ఒకానొకప్పుడు పుట్టించినదా? నాకు అది పండితుల పనిలేని గొడవ అనిపించింది. ఆయన ఒప్పుకోలేదు. "గ్రంథంలో ఒక మనిషిని పేరు పెట్టి శపించారు. ఆ మాట అనాదిగా ఉన్నదైతే, వాడు పుట్టకముందే వాడి తప్పు రాసి ఉన్నట్టు. అప్పుడు వాడు ఏం చెయ్యగలడు? అందుకని కొందరు, గ్రంథం పుట్టించినదే అన్నారు. దేవుడి న్యాయం కాపాడదామనే అన్నారు. రెండో వాళ్ళు, దేవుడి మాట దేవుడికన్నా తక్కువెలా అవుతుందన్నారు. పనిలేని గొడవ కాదురా, నీ గొడవే," అన్నారు.

ఆ గొడవే ఆయన్ని తాడేపల్లిగూడెంలో ఇబ్బందిలో పెట్టింది. ఒక శుక్రవారం అక్కడి మసీదులో మాట్లాడమని పిలిస్తే నా బండి మీదే తీసుకెళ్ళాను. నేను బయట చెప్పుల దగ్గర నిలబడ్డాను. ఆయన మాట్లాడాక ఒక కుర్రాయన లేచి, గొంతు పెంచి, "ఇవన్నీ సరేనండి. గ్రంథం పుట్టించినదని మీరంటారా, అనరా? ఒక్క మాటలో చెప్పండి," అన్నాడు. లోపల చీమ చిటుక్కుమంటే వినపడేలా ఉంది. ఇద్దరు ముగ్గురు ఆయన దగ్గరికి జరిగారు. నేను చెప్పులు విప్పి గుమ్మం దాకా వెళ్ళాను, ఏమన్నా అయితే లాక్కుని వచ్చేద్దామని.

మాష్టారు కుర్రాయన వంక మెత్తగా చూసి, "అడుగుతున్నావా నాయనా, పరీక్ష పెడుతున్నావా?" అన్నారు. కుర్రాయన తడబడ్డాడు. "అడిగితే సాయంత్రం దాకా కూర్చుని మాట్లాడుకుందాం. పరీక్షయితే నేను ఫెయిలయినట్టు రాసుకో." పెద్దవాళ్ళు ఎవరో నవ్వారు. బిగువు కాస్త సడలింది. మంచినీళ్ళు తెచ్చిచ్చారు. ఆయన తాగుతుంటే గ్లాసు అంచు పంటికి తగిలి చప్పుడయింది.

తిరిగి వచ్చేటప్పుడు హైవే మీద నా భుజం పట్టుకుని వెనక నుంచి చెప్పారు. న్యాయం న్యాయం అన్న జట్టు మాటే ఒకప్పుడు రాజుగారి మాట అయిందట. వెంటనే పండితుల్ని వరసగా నిలబెట్టి, గ్రంథం పుట్టించినదే అని ఒప్పుకోమన్నారట. ఒప్పుకోనివాళ్ళని జైల్లో పెట్టారట, కొరడాలతో కొట్టారట. "మనిషి తన పనికి తనే బాధ్యుడన్నవాళ్ళు, మనిషి నోట్లోంచి మాటని కొరడాతో లాగారురా. అలా వచ్చిన మాట ఎవరిది? కొట్టించుకున్నవాడిదా? కొరడాది."

"అందుకేనాండీ నన్ను బలవంతం చెయ్యట్లేదు?"

గుండుగొలను దగ్గర టీ తాగుదామన్నారు. తాగాం.

ఆ టీకొట్టు దగ్గర చెరువు పనివాళ్ళు ఇద్దరు కొత్తగా చేరినవాడికి కట్టుబాటు చెబుతున్నారు. "తువ్వాలు మర్చిపోకొరేయ్. అక్కడొకడు ఇలాగే కట్టకుండా దిగి చచ్చాడు. తాగుంటాడు." మాష్టారు గ్లాసు కింద పెట్టి నా వంక చూశారు. ఒక్క చూపే. నేను బండి స్టార్ట్ చేశాను.

చివరి ఆదివారం ఆయన కొంచెం నీరసంగా ఉన్నారు. కొర్రమీను తీసుకెళితే, "మా అమ్మాయికివ్వు, నాకు తినాలని లేదు," అన్నారు. గది పొయ్యిలా ఉంది. "మాష్టారూ, మీ కాళ్ళు పట్టుకుంటాను, ఈ ఒక్క నెలా ఫ్యాను వేసుకోండి. ఎండలు తగ్గాక మళ్ళీ ఆపుదురుగాని," అన్నాను. ఆయన పకపకా నవ్వారు. వేసవిలో మాత్రం నీళ్ళలో మనిషి ఉన్నా ఫర్వాలేదన్నమాట అన్నారు. తర్వాత నవ్వు ఆపి, "తీర్పు రోజున నన్నూ అడుగుతారురా. తెలిసీ ఏం చేశావని నన్నూ అడుగుతారు," అన్నారు. నేను వచ్చే వారం కాపలా ఆయన భార్య దగ్గరికి తప్పకుండా వెళతానన్నాను. అలా అనడం అది ఎన్నోసారో. "ఆయ్, వెళుదువుగాని," అన్నారు, నమ్మినట్టే.

బుధవారం ఫోను వచ్చింది.

నేను వెళ్ళేసరికి ఆయన్ని ముందు గదిలో పడుకోబెట్టారు. స్నానం చేయించి తెల్లగుడ్డ కప్పారు. ఎప్పుడూ చెమటతో ఉండే ముఖం పొడిగా ఉంది. డాక్టరు గుండె అన్నాడట. వాళ్ళమ్మాయి నన్ను చూసి, "ఇంతే రాసుందండీ ఆయనకి. మనమేం చేస్తామండీ," అంది. నేను తల ఊపలేకపోయాను. గుండె అవ్వచ్చు. డెబ్భై ఎనిమిదేళ్ళ మనిషి. కాని ఆ ఉక్క? గాలి సంగతి దేవుడిదే, మరి నా చెయ్యి?

జనం పెరిగారు. ఉక్కకి ఆగలేక కొందరు లోపలి గదిలోకి, ఆయన గదిలోకి వెళ్ళారు. నేను గుమ్మంలోంచి చూస్తూనే ఉన్నాను. ఎవరో బంధువు, పాపం ఆయనకేం తెలుసు, మేకు మీద తువ్వాలు తీసి మొహం తుడుచుకోబోతూ రెండో చేత్తో ఫ్యాను స్విచ్ మీద వేలు పెట్టాడు.

"ఆగండోయ్!" అని అరిచాను.

ఏడుస్తున్నవాళ్ళు కూడా ఆపేశారు. చావింట్లో ఆ అరుపేంటని అందరూ నా వంక చూశారు. ఆ బంధువు చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. రెండేళ్ళ కిందట ఆ గట్టు మీద నా గొంతులోంచి రావాల్సిన కేక అది. అంత తేలిగ్గా వచ్చే కేక. ఆ రోజు ఒక్కసారి వేసుంటే ఇద్దరు మనుషులు బతికుండేవాళ్ళు.

"ఆ ఫ్యాను పాడయిందండీ," అంది వాళ్ళమ్మాయి, నన్ను కాపాడదామని.

"పాడవలేదమ్మా. ఎప్పుడూ పాడవలేదు," అన్నాను.

ఖననం అయ్యాక సరాసరి కాపలా ఆయన భార్య ఊరు వెళ్ళాను. కొల్లేటి ఒడ్డున చేపల ప్యాకింగ్ షెడ్డులో పని చేస్తోంది. మంచుగడ్డల దగ్గర నిలబడి ఉంది, చేతులు తెల్లగా నానిపోయి ఉన్నాయి. ఒక్క గుక్కలో చెప్పేశాను. ఆయన కట్టే దిగాడండి, గాలికి పడిపోయింది, నేను తీశాను, నేను కేకెయ్యలేదు, నేను దాచాను.

ఆవిడ ఏడవలేదు. కొట్టలేదు. "కట్టారుగా?" అంది.

"కట్టాడండి."

"నేను చెప్తానే ఉన్నాను. రెండేళ్ళ నుంచీ చెప్తానే ఉన్నాను. మా అత్తగారు కూడా నమ్మలేదు. తాగుబోతని నా కొడుకు మొహం మీదే అన్నారు." ఎప్పుడూ నన్ను మీరు అనే మనిషి అప్పుడు నువ్వు అంది. "నువ్వు ఆ రోజు నా పక్కనే నిలబడ్డావు. మంచినీళ్ళు కూడా తెచ్చిచ్చావు."

అది నిజం. ఇచ్చాను. మర్చిపోయాననుకున్నాను.

"క్షమించమని అడక్కు. నడువు, అందరికీ చెప్పు."

షెడ్డులో చెప్పాను. గుండుగొలను టీకొట్టు దగ్గర చెప్పాను. ఓనరుకి చెప్పాను. ఆవిడ ప్రతిచోటా నా పక్కన నిలబడింది, నేను ఏ ముక్కా మింగకుండా. తర్వాత స్టేషన్‌కి వెళ్ళి జరిగింది జరిగినట్టు రాసిచ్చాను. ఏమవుతుందో ఇది రాస్తున్న రోజుకి తెలియదు. మా అమ్మ దేవుని చిత్తం అంది. చెయ్యి నాది అమ్మా అన్నాను.

ఆదివారం ఆవిడని ఏలూరు తీసుకెళ్ళాను. కట్టినవాడే తువ్వాలు విప్పాలి, ఆయన లేడు కాబట్టి ఆవిడే విప్పాలి. దారిలో మాష్టారి సంగతి చెప్పాను. చెప్పకుండా ఉండాల్సిందేమో. గదిలో అడుగు పెట్టి, కుర్చీ వంక, తువ్వాలు వంక చూసి, "అయితే ఈయనకీ తెలుసు," అంది. "రెండేళ్ళు ఉక్కలో కూర్చున్నారు బానే ఉంది. ఒక్కసారి బస్సెక్కి వచ్చి నాకు చెబితే ఏం పోయింది?"

మాష్టారి అమ్మాయి బల్ల మీది నోటుబుక్కు తీసి, చివర రాసిన పేజీ తెరిచి, ఆవిడకి చదివి వినిపించింది. చెమటకి అక్షరాలు అలుక్కుపోయి ఆగి ఆగి చదివింది. "కొరడా పట్టను అని నా మీద నాకే ముచ్చటేసింది. ఆ ఇల్లాలి మీద రోజూ పడుతున్న కొరడా ఎవరిది? వాడి కోసం ఆగాను. ఆవిడ ఎందుకు ఆగాలి? ఇది నా ఓర్పా, నా తప్పా? వచ్చే ఆదివారం వాడు రాకపోయినా నేనే వెళతాను."

వచ్చే ఆదివారం అంటే ఆ రోజే.

ఆవిడ చాలాసేపు నోటుబుక్కు వంక చూసింది. చదువు రాదు, ఊరికే చూసింది. తర్వాత మేకు మీంచి తువ్వాలు తీసి, ముఖానికి ఆనించుకుని, రెండు మడతలు పెట్టి భుజాన వేసుకుంది. స్విచ్ మీద వేలు పెట్టింది. పెట్టి ఆగింది. చెరువు మనిషి పెళ్ళాం కదా. తల ఎత్తి, ఖాళీ కుర్చీ వైపు, మా ఇద్దరి వైపు చూసి, గట్టిగా, "నీళ్ళలో ఎవరండోయ్?" అని మూడుసార్లు కేకేసింది.

మూడోసారికి నాకు అర్థమైంది, జవాబు నేనివ్వాలని.

"గట్టు మీదున్నానండి," అన్నాను.

ఆవిడ నొక్కింది. ఫ్యాను మూలిగి, కదిలి, మెల్లగా తిరిగింది. రెక్కల మీద పేరుకున్న రెండు వేసవుల దుమ్ము ఆయన కుర్చీ మీద, తెరిచిన నోటుబుక్కు మీద, మా ముగ్గురి తలల మీద రాలింది. ఎవరమూ పక్కకి జరగలేదు.